ఇరూమక్కను గడ్డ నుంచి కోసిన రోజు

ఇరూమక్క చేతి దెబ్బ తినని మగవాడు మా ఉషావు గడ్డ మీద లేడు. ఆమెను పొగడడానికి ఈ మాట అనడం లేదు. గాలి మారినప్పుడల్లా నా ఎడమ భుజం ఇప్పటికీ సలుపుతుంది. నేను చేసిన నేరమల్లా ఆమె ఆరబెట్టుకున్న చేపల మీదుగా దాటడం. "కళ్ళు నెత్తికెక్కాయా?" అని అడిగి, జవాబు కోసం ఆగకుండా గెడతో ఒక్కటిచ్చింది. సాయంత్రం మా ఇంటికి బాతు పులుసు పంపింది. అందులో ఉప్పు ఎక్కువైంది. ఆ మాట వెళ్ళి చెప్పే ధైర్యం మా ఇంట్లో ఎవరికీ లేక, గిన్నె ఊడ్చి తిని నీళ్ళు తాగి పడుకున్నాం.

ఆమె మా గెడపెద్ద. గాలికాలం వచ్చిందంటే హువారి సరస్సు మీద తేలే మా రెల్లు గడ్డలు నిలకడగా ఉండవు. ఎన్ని గుంజలు దింపినా, ఎంత లావు తాళ్ళు కట్టినా తెంపుకుని ఒకదాని మీదికి ఒకటి వచ్చేస్తాయి. పరాయి గడ్డ వచ్చి మన గడ్డను తాకి, పొద్దుగూకే దాకా అలాగే ఉండిపోయిందంటే రెండింటి వేళ్ళూ కింద పెనవేసుకుంటాయి. ఇక అది ఒకే గడ్డ. ఎవరి మంది ఎక్కువైతే వాళ్ళ పెద్దే అందరికీ పెద్ద. తక్కువైనవాళ్ళు ఆ రోజు నుంచీ బాతుల పెంట ఎత్తుకుంటూ బతకాలి. అందుకే అవతలి గడ్డ ఇంకా నీళ్ళ మీద ఉండగానే గెడలతో నెట్టాలి. నెట్టేవాళ్ళను అవతలివాళ్ళు కొడతారు. వాళ్ళను మనం కొట్టాలి. ఆ కొట్టడం ఎక్కడ మొదలుపెట్టాలో, ఎక్కడ ఆపాలో చెప్పేది గెడపెద్ద. మొదలుపెట్టడం ఇరూమక్కకు చాలా బాగా వచ్చు.

ఆమె పెళ్ళి కూడా అలాగే జరిగింది. పొదీము కరీలా గడ్డవాడు. ఒక ఏడు కరీలా మా మీదికి వచ్చినప్పుడు, అంచున నిలబడి ఏం చెయ్యాలో తోచక చూస్తున్న అతన్ని ఇరూమక్క దవడ మీద కొట్టి సరస్సులో పడేసింది. మళ్ళీ కొడదామని జుట్టు పట్టి పైకి లాగిందట. ముఖం చూశాక చెయ్యి రాలేదట. ఇది ఆమె చెప్పే కథ. పొదీమును అడిగితే వేరేలా చెబుతాడు.

"చెయ్యి రాకపోవడమేంటి, పైకి లాగాక కూడా ఒకటి కొట్టింది. ముఖం చూడ్డం ఆ తర్వాతి సంగతి."

ఇంతకుమించి పొదీము మాట్లాడగా నేను వినలేదు. వంట అతనే చేస్తాడు. ఇన్నేళ్ళలో అతను ఒక మనిషి మీద చెయ్యెత్తినట్టు ఎవరూ చూడలేదు. బాతును కోయాలన్నా పక్కింటికి పంపుతాడు. మా ఇంటికి వచ్చిన ఆ పులుసు మాత్రం ఇరూమక్కే వండింది, అందుకే ఆ ఉప్పు.

ఆమె కోపానికి ఒక మొదలుంది. ఆమె తమ్ముడు సోవెల్ అంచు కాపలాలో ఉన్న రోజున పొగమంచులోంచి ఒక గడ్డ వచ్చింది. "మేం కరీలా వాళ్ళం, తాడు తెగింది, ఒకటి వెయ్యండి" అని కేకేశారు. వియ్యాలవారు కదా అని సోవెల్ తాడు విసరడానికి వంగాడు. వచ్చింది దెమో గడ్డ. రెండు అంచుల మధ్య అతను నడుం దాకా నలిగిపోయాడు. తడి రెల్లు మోపును కాలితో తొక్కితే ఎలాంటి చప్పుడు వస్తుందో అలాంటి చప్పుడు వచ్చింది. ఇరూమక్క పక్కనే ఉంది. ఆ పూట ఆమె ఒక దెమోవాడి కన్ను చేపల ఈటెతో పెకలించింది. నీళ్ళలో పడ్డ ఇంకొకణ్ణి, వాడు చనిపోయాక కూడా, గెడ విరిగేదాకా కొడుతూనే ఉంది. అప్పటి నుంచి పొగమంచులో ఎవరు ఏ పేరు చెప్పుకున్నా నమ్మడం మానేసింది. మేమూ మానేశాం.

అవతలివాణ్ణి చంపినా మా దగ్గర తప్పు లేదు. తప్పల్లా సొంత గడ్డ మనిషి నెత్తురు చిందించడం. కొట్టినవాడు ఒప్పుకున్నా సరే, దెబ్బ తిన్నవాడు చెప్పినా సరే, ఇక కోతే. ఆ మనిషి గుడిసె చుట్టూ గడ్డను రంపంతో కోసి, గుడిసెతో సహా సరస్సులోకి వదిలేస్తాం. ఆ తర్వాత గడ్డ మీద నిలబడ్డవాడెవడూ ఆ ముక్కకు తాడు వెయ్యకూడదు, గెడ అందించకూడదు, కూడు విసరకూడదు. మనం నిలబడే చోట కొత్త రెల్లు పరుస్తూ ఉండకపోతే అడుగు కుళ్ళిపోతుంది. ఎంత పనిమంతుడైనా ఒక్కడు కోసే రెల్లు ఒక్క ముక్కకు చాలదు. చలికాలం దాటి బతికినవాడు లేడు.

కోతకు రంపం పట్టేది కూడా గెడపెద్దే. ఇరూమక్క తన సొంత మేనమామ ఖేదును అలాగే కోసింది. ఆయన బాతు గుడ్ల దగ్గర అన్నతో గొడవపడి గరిటెతో నుదురు చిట్లగొట్టాడు. రంపం తిరుగుతుంటే ఖేదు ఏడ్చాడు.

"నిన్ను భుజాన ఎత్తుకు తిప్పానే ఇరూమా!"

"తిప్పావు మావా. కాళ్ళు ఇటు తీసుకో, రంపం తగులుద్ది."

ఎండలు వచ్చాక ఖేదు గుడిసె కప్పు మాత్రం కొట్టుకొచ్చింది. దాని మీద కొంగలు గూడు పెట్టాయి. ఇరూమక్క ఆ కప్పును తాకలేదు, కొంగల్ని తోలనూ లేదు.

ఇక ఆ గాలి సంగతి. అలాంటి గాలి మా తాతలు కూడా చూసి ఉండరు. మధ్యాహ్నం మొదలైంది. గుడిసెల కప్పులు లేచిపోతుంటే అందరం నడుముకు తాళ్ళు చుట్టుకుని గుంజలకు కట్టుకున్నాం. మా గడ్డపెద్ద ఒగ్మా తాత ఎండు చేపంత బరువు కూడా ఉండడు కాబట్టి ఆయన్ని రెండు తాళ్ళతో కట్టాం. తెల్లవార్లూ ఒకరినొకరం పేర్లు పెట్టి పిలుచుకుంటూనే ఉన్నాం. గాలి తగ్గేసరికి గడ్డ మొత్తం మీద మనిషి గొంతు ఒక్కటి మిగల్లేదు, అన్నీ కాకి గొంతులే. తెల్లారితే పొగమంచు. చెయ్యి చాపితే వేళ్ళు కనపడవు.

జరిగిందేమిటో ఇక్కడే చెప్పేస్తాను. ఆ గాలికి మా గడ్డ మధ్యకు విరిగింది. పడమటి సగం తెగి, రాత్రంతా ఎటో తిరిగి, తెల్లారేసరికి మళ్ళీ మా వైపే వస్తోంది. ఆ సగం మీద ఇరూమక్క కూతురు లెహీ, లెహీ మొగుడు జవెన్, మరికొన్ని ఇళ్ళవాళ్ళు ఉన్నారు. విరిగిన సంగతి మాకు తెలియదు. వాళ్ళకూ తెలియదు. పొగమంచులో మాకు కనపడని ఆ చివర వాళ్ళు పడుకుని ఉన్నారని మేం అనుకుంటున్నాం. మా గురించి వాళ్ళూ అదే అనుకుంటున్నారు.

మొదట నల్లటి నీడ కనపడింది. ఇరూమక్క చూసింది. "గడ్డ! గెడలు పట్టండి!" అని ఆ కాకి గొంతుతోనే అరిచింది. అందరం తాళ్ళు విప్పుకుని, కాగే నూనె చిమ్మితే కాలకుండా ముఖాలకు తుంగ తొడుగులు తగిలించుకుని పరుగెత్తాం. ఒగ్మా తాతను విప్పడం మరిచిపోయాం. పొదీము చేప నూనె కుండను పొయ్యి మీద పెట్టాడు.

"ఎవర్రా అది? పేరు చెప్పండి!" అంది ఇరూమక్క.

పొగమంచులోంచి అలాంటిదే ఒక కాకి గొంతు వచ్చింది. "మాది ఉషావు! మీరెవర్రా?"

ఇరూమక్క మా వైపు తిరిగింది. తర్వాత నవ్వింది. ఆమె నవ్వితే మాకు వెన్నులో చలి పుడుతుంది.

"విన్నార్రా? అప్పుడు కరీలా అన్నారు, ఇప్పుడు మా పేరే మాకు చెబుతున్నారు. ఒరేయ్ దెమో కుక్కల్లారా, ఉషావు మాది!"

"మీది ఉషావా? మా పేరు పెట్టుకుని మా మీదికే వస్తార్రా, దొంగ సచ్చినోళ్ళారా! ఒక్కణ్ణి కూడా వదలొద్దు, కొట్టండి!"

అంచులు తాకకముందే గెడలు తాకాయి. మా వరసలో ముందున్నవాడి మోకాలు కట్టెపుల్లలా విరిగింది. పొదీము కళ్ళు మూసుకుని నూనె కుండ విసిరాడు. అవతల ఎవరో చర్మం ఊడిన కాలు పట్టుకుని ఊళ పెట్టారు. ముసలి హిమేయి పళ్ళు లేని దవడలతో ఒకడి వేలు పట్టి వదల్లేదు. వాడు ఆమెను ఎత్తి కుదిపినా వదల్లేదు. రెల్లు కోసే కొడవలి ఒకటి గాలిలో తిరిగి ఎవరి చెవినో తీసుకుపోయింది. ఒక పొడుగాటివాడు నా మీదికి వచ్చాడు. వాడి ముక్కు మీద నేనొక దెబ్బ వేశాను, నా కంటి మీద వాడొకటి వేశాడు. ఇద్దరం రెల్లు మీద పడి ఒకరి గొంతు ఒకరం పిసుక్కున్నాం. పొగమంచు తెల్లగా, తొడుగుల మీద నెత్తురు ఎర్రగా, అంచుల మధ్య నీళ్ళు బురదగా ఎగిసిపడుతున్నాయి.

బుట్టలల్లే బోమ్రి మాత్రం మొదటి కేకకే బోర్లించిన దోనె కిందికి దూరాడు.

ఇరూమక్కకు ఎదురుగా ఒక సన్నటి మనిషి నిలబడి గెడ తిప్పుతోంది. మావాళ్ళు ఇద్దరు అప్పటికే ఆమె దెబ్బకు నీళ్ళలో పడ్డారు. ఇరూమక్క వంగి, కింది నుంచి పైకి ఒక్క దెబ్బ కొట్టింది. ఆ మనిషి మోచేతి ఎముక తోలు చీల్చుకుని బయటికి వచ్చింది.

"అమ్మా!" అని అరిచింది ఆ మనిషి. దెబ్బ తిన్నవాళ్ళందరూ ఆ మాటే అంటారు కాబట్టి ఇరూమక్క లెక్కచెయ్యలేదు. "మీ అమ్మ దగ్గరికే పంపిస్తా, ఆగు" అంటూ డొక్కలో పొడవబోయింది. ఆ మనిషి మిగిలిన చేత్తోనే గెడ తిప్పి ఇరూమక్క పక్కటెముకల మీద ఒకటి, నెత్తి మీద ఒకటి వేసింది. నెత్తి పగిలింది. కళ్ళలోకి కారుతున్న నెత్తురు తుడుచుకుని ఇరూమక్క ఆఖరి దెబ్బకు గెడ పైకెత్తింది. అవతలి మనిషి వెల్లకిలా పడిపోయింది. తొడుగు ఊడింది.

గెడ పైనే ఉండిపోయింది.

"నువ్వు అటెందుకున్నావే?" అంది ఇరూమక్క.

"మా ఇల్లు ఇటే కదే!" అని లెహీ కళ్ళు తేలేసింది.

ఆ మాట ఒకరి నుంచి ఒకరికి పాకింది. తొడుగులు ఊడాయి. నా గొంతు పిసుకుతున్న పొడుగాటివాడు జవెన్. "నువ్వా?" అన్నాడు. "నువ్వా?" అన్నాను. అయినా కొట్లాట వెంటనే ఆగిపోయిందని చెబితే మీరు నమ్మకండి. ఎదురుగా ఎవరున్నారో చూసి, గుర్తుపట్టి, పాత సంగతులేవో గుర్తొచ్చి, ఇంకొక రెండు వేసినవాళ్ళు నాకు తెలుసు.

పొగమంచు విడిపోయాక రెండు సగాలనూ తాళ్ళతో దగ్గరకు లాగి కట్టాం. ఒగ్మా తాతను విప్పాం. ఆయన గడ్డంలో గడ్డిపోచలతో వచ్చి, మమ్మల్ని వరసగా కూర్చోబెట్టి చూశాడు. విరిగిన మోకాళ్ళు, వాచిన కళ్ళు, గుడ్డలు చుట్టిన తలలు. లెహీ చేతికి ఎముక సర్ది వెదురు బద్దలు కడుతున్నారు. ఆమెకు ఇంకా తెలివి రాలేదు.

"సొంతవాళ్ళ నెత్తురు చూసినవాళ్ళు ముందుకు రండి," అన్నాడు తాత.

ఎవరూ కదల్లేదు. ముందు చలికాలం ఉంది. ఖేదు కప్పు అందరికీ గుర్తుంది.

"జవెన్, నీ ముక్కు ఏమైందిరా?"

"గుంజ తగిలింది తాతా."

"నీ చెవి?" అన్నాడు పక్కవాడితో.

"గుంజే."

"నీ వేలు?" అన్నాడు ఆ పక్కవాడితో.

"అది కూడా గుంజే తాతా. గాలికి ఊగింది."

"గుంజకు దవడలున్నాయా? మన గడ్డ మీద ఇన్ని గుంజలు ఎప్పుడు పాతార్రా?"

నా వంతు వచ్చింది. కన్ను పొయ్యి రాయికి కొట్టుకుందన్నాను. గుంజ మరీ పాతబడిందని.

ఇరూమక్క లేచి నిలబడింది. ఊపిరి తీస్తే పక్కటెముకలు కలుక్కుమంటున్నట్టున్నాయి, ఒక పక్కకు వంగి ఉంది. "లెహీ చెయ్యి విరగ్గొట్టింది నేను. నెత్తురొచ్చింది, నేనే చూశాను. రంపం తెండి."

"మరి నీ నెత్తి ఎవరు పగలగొట్టారమ్మా?"

ఇరూమక్క కూతురి వైపు చూసింది. లెహీ కళ్ళు మూసుకునే ఉంది.

"గుంజ," అంది ఇరూమక్క.

ఆమె అబద్ధమాడడం మేమెవరం అంతకుముందు వినలేదు. చాలా నాసిగా ఆడింది. ఒగ్మా తాత కళ్ళు తుడుచుకుని తలూపాడు.

గెడపెద్దను కొయ్యాల్సి వస్తే రంపం ఎవరు పట్టాలో మా పద్ధతిలో లేదు. అందుకని తన కోత తనే మొదలుపెట్టింది. రెండో కొస పట్టడానికి ఎవరూ రాకపోతే నా పేరు పెట్టి పిలిచింది. వెళ్ళకపోతే మిగిలిన కన్ను కూడా పోతుందని వెళ్ళాను.

"సరిగ్గా లాగు. చేపకు పొలుసు తీస్తున్నావా?"

"అక్కా, నీ పక్కటెముకలు..."

"నా ఎముకలు నువ్వు కోస్తున్నావా, గడ్డ కోస్తున్నావా? లాగు."

గుడిసె లోపల పొదీము పొయ్యి ముందు కూర్చుని దుంపలు చెక్కు తీస్తున్నాడు. ఇరూమక్క రంపం వదిలి లోపలికి వెళ్ళింది. "నువ్వు దిగు. నీకు కోత లేదు," అంది. అతను ఇంకో దుంప తీసుకున్నాడు. అతని చేతిలో కాగింది నూనె, కాలింది ఒకడి కాలు, కానీ నెత్తురు రాలేదు. ఇరూమక్క అతని నడుం పట్టి ఎత్తి, గరిటెతో సహా గడ్డ మీదికి విసిరేసింది. అతను రెల్లు మీద దొర్లి లేచి కూర్చున్నాడు. ఆమె తిరిగి వచ్చి రంపం పట్టుకోబోతూ అంచు అవతలి నీళ్ళకేసి చూసింది. ఆ ఒంటరి ముక్క కింద నీళ్ళు ఎంత నల్లగా ఉంటాయో ఆమెకంటే ఎక్కువ తెలిసినవాళ్ళు మా గడ్డ మీద లేరు.

ముక్క తెగింది. బెత్తెడు నీళ్ళు కనపడ్డాయి. గెడలు పట్టుకుని నిలబడ్డవాళ్ళు దాన్ని నెట్టాలి. ఎవరూ నెట్టడం లేదు.

"తొయ్యండ్రా! నన్ను చూస్తూ నిలబడ్డారేం?"

జవెన్ నేల చూపులు చూశాడు. "చెయ్యి రావట్లేదు అత్తా."

అప్పుడు ఆమెకు మండింది. మమ్మల్ని కాపాడుదామని గానీ, తనను తాను కాపాడుకుందామని గానీ ఆమె ఆ మాట అనలేదు. ఒట్టి కడుపుమంటతో అంది.

"పొద్దున బాగానే వచ్చాయిగా చేతులు? పోన్లే. ఉషావు గడ్డ మొత్తానికి దెబ్బ కొట్టడం వచ్చింది ఒక్క ఆడదానికి. మిగతావన్నీ గుంజలు. దెమో వాళ్ళకు ఈ మాట తెలిస్తే రేపే వస్తారు. గుంజలకు ఎవడు భయపడతాడు? ఒక్కడికి, ఒక్కడికైనా మనిషిని కొట్టిన మొహం ఉందా మీలో?"

జవెన్ చెవులు ఎర్రబడ్డాయి. వేలు నలిగినవాడు పళ్ళు నూరాడు. తెలివి వచ్చి ఆ మాటలు వింటున్న లెహీ వెదురు బద్దల కట్టుతో లేచి కూర్చుంది.

"నాకుంది. మా అమ్మ నెత్తి పగలగొట్టింది నేను. పక్కటెముకలూ నేనే."

"నోర్ముయ్యవే! నీ దెబ్బకి దోమ కూడా చావదు!" అంది ఇరూమక్క నీళ్ళ అవతల నుంచి.

"మరి ఎందుకు వంగి నిలబడ్డావు? నిటారుగా నిలబడు చూద్దాం!"

ఇరూమక్క నిటారుగా నిలబడబోయి మూలిగింది. లెహీ ఆ మంచి చేత్తోనే నా చేతిలోని రంపం లాక్కుని తన గుడిసె వైపు నడిచింది.

అంతే, ఇక జవెన్ ఆగలేకపోయాడు. "మా ఆవిడ ఒక్కతే కొట్టిందా? ఈ సన్నోడి కన్ను వాయగొట్టింది నేను! పొయ్యి రాయి అంటాడేంటి! నా చెయ్యి నీకు పొయ్యి రాయిలా ఉందిరా?"

"నీ ముక్కు మీద పడింది కూడా గుంజ కాదు," అన్నాను. ఆ మాట నోట్లోంచి దానంతటదే వచ్చింది.

ముసలి హిమేయి కర్ర పొడుచుకుంటూ వచ్చింది. "ఆ వేలు నాది! పళ్ళు లేకుండా కొరికాను. పళ్ళున్నవాళ్ళెవరైనా అలా కొరకండి చూద్దాం!"

చెవి తెగ్గొట్టింది నేనంటే నేనని ఇద్దరు కలబడ్డారు. కొడవలి ఎవరిదో తేల్చడానికి మళ్ళీ కొడవళ్ళు లేచాయి. కొత్తగా ఇంకొక తల పగిలింది. దాంతో దెబ్బ ఎవరిదన్న గొడవ తీరిపోయింది. గడ్డ మీద ఉన్నవి రెండే రంపాలు. వాటి కోసం జనం ఒకరి జుట్టు ఒకరు పట్టుకున్నారు. కోత పడకుండా మిగిలిపోవడమంటే పొద్దున చేతులు ముడుచుకుని కూర్చున్నట్టే లెక్క. ఆ మాట పడి ఎవడు బతుకుతాడు?

బోమ్రి, జవెన్ చెల్లెలి మొగుడు, చెమటలు కక్కుతూ బావమరిది వెనకే తిరిగాడు.

"బావా, నీ ముక్కు నేనే పగలగొట్టానని ఒక్క మాట చెప్పు."

"నువ్వు దోనె కింద ఉన్నావు బావా."

"లోపలి నుంచి ఒకసారి తన్నాను. ఎవరికో తగిలింది."

"దోనెకే తగిలింది. బొక్క పడింది. దానికి నువ్వు ఇంకో దోనె చెయ్యాలి, అంతే."

ఒగ్మా తాత కర్ర ఎత్తి అరిచాడు. "ఒరేయ్, అందరూ కోసుకుపోతే గడ్డ మీద ఎవరుంటార్రా? నేనూ, బాతులూనా?"

"బోమ్రి ఉంటాడు తాతా," అన్నాడు జవెన్, రంపం లాగుతూ.

మధ్యాహ్నానికి ఉషావు గడ్డ తరిగిన దుంపలా ముక్కలైంది. కోసేసిన ముక్క మీదికి గడ్డ నుంచి తాడు పడకూడదు గానీ, కోసేసిన ముక్క నుంచి ఇంకో కోసేసిన ముక్కకు పడకూడదని ఏ పెద్దా ఎన్నడూ అనలేదు. అంతకుముందు ఒకేసారి ఇద్దరిని కోసింది లేదు మరి. తాళ్ళు అటూ ఇటూ విసురుకున్నాం. ఇరూమక్క ముక్క అందరికంటే ముందు వెళ్ళింది కాబట్టి చుట్టూ మేం చేరేసరికి అది మధ్యలో పడింది. ఆమె ఏడ్చిందని లెహీ అంటుంది. తిట్టిందని నేను చెప్పగలను. రెల్లు మోపు ఎత్తుకుని ఆమె ముక్క మీద మొదట కాలు పెట్టినవాడు జవెన్.

"ఎవడు పిలిచాడు నిన్ను?" అని గెడతో వాడి మెడ దగ్గరి ఎముక విరగ్గొట్టింది. రెల్లు మోపు మాత్రం కింద పడకముందే పట్టుకుంది.

ఇక గడ్డ మీద మిగిలింది ఒగ్మా తాత, బాతులు, మొహం చాటేసిన బోమ్రి, పొదీము. మగవాళ్ళు కోత పడ్డ ఇళ్ళ ఆడవాళ్ళూ పిల్లలూ గుడిసెలతో పాటే వచ్చేశారు. పొదీము గుడిసె మాత్రం అతను లేకుండా వెళ్ళిపోయింది. విసిరేసిన చోటే గరిటె ఒళ్ళో పెట్టుకుని పొద్దుటి నుంచీ కూర్చున్నాడు.

లేచి, తాత దగ్గరికి వెళ్ళి, చేతులు కట్టుకుని నిలబడ్డాడు.

"ఏరా?" అన్నాడు తాత.

"క్షమించు తాతా," అన్నాడు పొదీము. గరిటె తిప్పి ఆయన నుదుటి మీద ఒక్కటి వేశాడు. నెత్తురు రాలేదు. అలవాటు లేని చెయ్యి. ఒంగి చూసి, మళ్ళీ వేశాడు. మూడోదానికి తాత కూలబడ్డాడు. కనుబొమ్మ మీద నెత్తురు చుక్క కనపడ్డాక పొదీము ఊపిరి పీల్చుకున్నాడు.

"నీ గుడిసె ఎప్పుడో పోయింది కదరా! ఏం కొయ్యమంటావు ఇప్పుడు?" అన్నాడు తాత కింద కూర్చునే.

"నేను నిలబడ్డ చోటు."

బోమ్రి రంపం పట్టాడు. ఏదో ఒక పని దొరికిందని బాగానే పట్టాడు. చాపంత ముక్క తెగింది. పొదీము దాని మీద గొంతుక్కూర్చున్నాడు. పాదాల దాకా నీళ్ళు వచ్చాయి. గరిటెతో తోసుకుంటూ బయల్దేరాడు. గరిటె ఎటు తోస్తే చాప అటు తిరుగుతోంది. ఒకసారి బోర్లాపడ్డాడు కూడా. మేమందరం మా ముక్కల మీద నిలబడి చూస్తున్నాం. ఒక్కరమూ నవ్వలేదు.

ఇరూమక్క అంచుకు వచ్చింది. గెడ పైకెత్తింది. జవెన్‌ను కొట్టి ఎంతోసేపు కాలేదు. లెహీ తన ముక్క మీద నుంచి "అమ్మా, వద్దే!" అని అరిచింది.

గెడ కొస మెల్లగా కిందికి దిగి పొదీము ముందు నీళ్ళలో ఆగింది. అతను పట్టుకున్నాడు. ఆమె పళ్ళ బిగువున మూలుగుతూ, విరిగిన పక్కటెముకలతోనే, ఒక్కొక్క పట్టూ మార్చుకుంటూ లాగింది. అతను తడి బట్టలతో ఎక్కి నిలబడ్డాడు. ఆమె అతన్ని కింది నుంచి పైదాకా చూసింది.

"పొయ్యి ఆరిపోయింది," అంది. "ముందు అది చూడు."